కార్మికుడికీ కుర్చీ వేయమన్న గిరి

విశాఖపట్నం చుట్టుపక్కల రేవుకో, రైల్వేకో, ఉక్కు కర్మాగారానికో ఒక్క మనిషినైనా పంపని ఊరు అరుదు. జీతాల ఒప్పందం కుదిరిందని కబురు వస్తే ఆ ఇంట్లో అప్పు తీరుతుంది, పిల్ల పెళ్లి నిశ్చయమవుతుంది. కుదరలేదంటే సమ్మె మాట వినబడుతుంది. ఆ ఒప్పందం ఎవరు రాయాలి? సర్కారు పెట్టిన న్యాయమూర్తా, యజమానీ కార్మికుడూ ఎదురెదురుగా కూర్చునా? ఈ ఒక్క ప్రశ్న మీద జీవితమంతా వెచ్చించి, దానికోసం కేంద్ర మంత్రి పదవిని కూడా వదులుకున్న తెలుగువాడు వరాహగిరి వెంకటగిరి. దేశానికి నాలుగో రాష్ట్రపతిగానే చాలామందికి ఆయన తెలుసు. అంతకుముందు ఆయన రైల్వే కార్మికుల మనిషి. కార్మిక సమస్యల మీద లోతుగా చదివి, ఆలోచించి, పుస్తకాలు రాసిన పండితుడు కూడా.

బరంపురం నుంచి డబ్లిన్‌కు

గిరి 1894 ఆగస్టు 10న బరంపురంలో పుట్టారు. అప్పట్లో గంజాం జిల్లా మద్రాసు రాష్ట్రంలో ఉండేది. బరంపురం ఒరిస్సాలో చేరింది 1936లో. తండ్రి జోగయ్య పంతులు పేరున్న వకీలు. తల్లి సుభద్రమ్మ స్వాతంత్ర్యోద్యమంలో పాల్గొన్నారు. కొడుకు కూడా వకీలు కావాలని ఇంట్లోవారి కోరిక. బరంపురంలోని కళ్ళికోట కళాశాలలో చదివాక గిరి 1913లో న్యాయశాస్త్రం చదవడానికి ఐర్లండ్ రాజధాని డబ్లిన్ వెళ్లారు.

ఆ ఏడే డబ్లిన్‌లో పెద్ద గొడవ జరిగింది. రేవులో సరుకు దించే కూలీలు, ట్రాము బళ్లు నడిపేవాళ్లు సంఘం పెట్టుకున్నారు. సంఘంలో ఉన్నవాడికి పని లేదని యజమానులు గేట్లు మూశారు. దాదాపు 20 వేల మంది నెలల తరబడి పని లేక, తిండి లేక గడిపారు. 1914 మొదట్లో ఆకలికి తట్టుకోలేక ఒక్కొక్కరే తిరిగి పనిలోకి వెళ్లారు. పోరాటం ఓడిపోయింది. అయినా కూలీలు ఒక్కటైతే ఎంతటి యజమాని అయినా లెక్కచేయక తప్పదని ఊరంతా చూసింది.

ఆ పోరాటం నడిపిన నాయకుల్లో జేమ్స్ కానలీ ఒకరు. గిరి మీద ఆయన ప్రభావం బలంగా పడింది. 1916 వసంతంలో ఐరిష్ దేశభక్తులు ఆంగ్లేయుల మీద తిరుగుబాటు చేశారు. అది వారం రోజుల్లో అణగిపోయింది. కానలీని కాల్చి చంపారు. గిరి చదివే కళాశాలలో ఇంగ్లీషు పాఠాలు చెప్పిన థామస్ మక్డోనాను కూడా కాల్చారు. తిరుగుబాటుదారులతో సంబంధాలున్నాయన్న అనుమానంతో గిరిని దేశం వదిలి పొమ్మన్నారు. బారిస్టరు పట్టా చేతికి వచ్చిన కొద్ది రోజులకే ఆయన ఇంటిముఖం పట్టారు.

రైలు పట్టాల వెంట సంఘం

బరంపురంలో వకీలు బోర్డు పెట్టారు కాని మనసు అందులో నిలవలేదు. ముందు హోంరూల్ ఉద్యమం, తర్వాత గాంధీజీ సహాయనిరాకరణ. ప్రాక్టీసు మానేశారు. సారా దుకాణాల ముందు ప్రదర్శన చేసినందుకు 1922లో జైలుకు వెళ్లారు.

ఆ రోజుల్లో బెంగాల్ నాగపూర్ రైల్వే అంటే ఈ ప్రాంతానికి పెద్ద యజమాని. కటకం నుంచి వాల్తేరు దాకా లైను 1902లో ఆ కంపెనీ చేతికి వచ్చింది. వాల్తేరు ఆ రైల్వేకి దక్షిణపు కొస. దాని ప్రధాన వర్క్‌షాపు మాత్రం బెంగాల్‌లోని ఖరగ్‌పూర్‌లో ఉండేది. గంజాం, విశాఖ ప్రాంతాల నుంచి తెలుగువాళ్లు వేల సంఖ్యలో అక్కడికి వలసపోయారు. ఖరగ్‌పూర్‌లో తెలుగు వాడలు ఇప్పటికీ ఉన్నాయి.

కంపెనీ అధికారికి కోపం వస్తే కలాసీకి ఆ పూటే పని పోయేది. ఎక్కడ చెప్పుకోవాలో తెలిసేది కాదు. సంఘం పెట్టడమే నేరంగా చూసే కాలం. మద్రాసు బట్టల మిల్లులో సమ్మె చేయించినందుకు అక్కడి కార్మిక సంఘం నాయకుల మీద మిల్లు యాజమాన్యం 1920లలో హైకోర్టు ఉత్తర్వు తెచ్చింది. ఆ దెబ్బ తర్వాతే 1926లో కార్మిక సంఘాల చట్టం వచ్చింది.

అటువంటి రోజుల్లో గిరి బెంగాల్ నాగపూర్ రైల్వే కార్మికులకు సంఘం కట్టారు. మూడో తరగతి పెట్టెల్లో స్టేషను స్టేషనుకు తిరిగారు. దేశంలోని రైల్వే సంఘాలన్నిటినీ కలిపి అఖిల భారత రైల్వేమెన్స్ ఫెడరేషన్ ఏర్పాటు చేసినవారిలో ఆయన ఒకరు. పదేళ్లకు పైగా దానికి ప్రధాన కార్యదర్శిగా పనిచేశారు. 1926లో అఖిల భారత ట్రేడ్ యూనియన్ కాంగ్రెసుకు అధ్యక్షులయ్యారు.

1927లో ఖరగ్‌పూర్‌లో సమ్మె జరిగింది. కంపెనీ వర్క్‌షాపుల్లో మనుషుల్ని తగ్గించబోగా మళ్లీ పోరాటం రేగింది. పని పోయినవారి తరఫున గిరి నిలబడ్డారు. ఎక్కడా హింసకు చోటివ్వకుండా ఉద్యమాన్ని నడిపారు. చివరికి కంపెనీ, ప్రభుత్వం కార్మికుల కోర్కెలను ఒప్పుకోవలసి వచ్చింది. సమ్మె అన్నది అత్తవారింటి అలక కాదనీ, ముందు సంఘం గట్టిపడాలనీ, మాటలతో తేలని నాడే దానికి దిగాలనీ గిరి నమ్మకం. డబ్లిన్‌లో ఆకలితో ఓడిన కూలీలను చూసిన మనిషికి సమ్మె ఖరీదు తెలుసు.

అదే 1927లో జెనీవాలో జరిగిన అంతర్జాతీయ కార్మిక మహాసభకు భారత కార్మికుల ప్రతినిధిగా వెళ్లారు. 1929లో ట్రేడ్ యూనియన్ కాంగ్రెసు నాగపూర్ సభలో చీలిక వచ్చింది. ఆంగ్ల ప్రభుత్వం వేసిన కార్మిక విచారణ సంఘంతో మాట్లాడాలా, బహిష్కరించాలా అన్నది తగవు. కార్మికుడి కష్టం చెప్పుకోవడానికి ఏ తలుపు తెరిచి ఉన్నా వెళ్లాలన్న పక్షం గిరిది. ఆ పక్షం వేరుపడి పెట్టుకున్న సమాఖ్యకు ఆయనే అధ్యక్షులు. పదేళ్ల తర్వాత రెండు పక్షాలూ తిరిగి కలిశాయి. 1931లో లండన్‌లో జరిగిన రెండో రౌండ్ టేబుల్ సమావేశంలో భారత పారిశ్రామిక కార్మికుల తరఫున కూర్చున్నదీ ఆయనే.

బొబ్బిలి పోటీ

1937 ఎన్నికలు ఉత్తరాంధ్ర పల్లెలకు మరపురానివి. బొబ్బిలి అప్పుడు విశాఖపట్నం జిల్లాలో ఉండేది. బొబ్బిలి రాజా మద్రాసు రాష్ట్రానికి ప్రధానమంత్రి, జస్టిస్ పార్టీ నాయకుడు. సొంత కోటలో రాజును ఓడించడం సాధ్యమా అని చాలామంది అనుకున్నారు. కాంగ్రెసు గిరిని పోటీకి దింపింది. రాజావారు ఓడిపోయారు. ఆ గెలుపు గురించి మద్రాసు రాష్ట్రమంతా చెప్పుకున్నారు. రాజాజీ మంత్రివర్గంలో గిరి కార్మిక, పరిశ్రమల మంత్రి అయ్యారు. రెండో ప్రపంచ యుద్ధం రాగానే 1939లో కాంగ్రెసు మంత్రులంతా రాజీనామా చేశారు. తర్వాత గిరి మళ్లీ జైళ్లలో సంవత్సరాలు గడిపారు. 1946లో టంగుటూరి ప్రకాశం మంత్రివర్గంలో తిరిగి కార్మిక మంత్రి అయ్యారు. స్వాతంత్ర్యం వచ్చాక సింహళంలో భారత హైకమిషనరుగా పనిచేశారు. 1952లో పాతపట్నం నియోజకవర్గం నుంచి లోక్‌సభకు గెలిచారు. నెహ్రూ ఆయనను కేంద్ర కార్మిక మంత్రిగా తీసుకున్నారు.

ఢిల్లీలో ఒంటరి వాదన

గిరి జీవితంలో అసలు పోరాటం ఇక్కడ మొదలైంది. ఈసారి ఎదురుగా ఉన్నది రైల్వే కంపెనీ కాదు, సొంత ప్రభుత్వమే.

1947లో వచ్చిన పారిశ్రామిక వివాదాల చట్టం ప్రకారం యజమానికీ కార్మికులకూ తగవు వస్తే ముందు ప్రభుత్వ అధికారి రాజీకి ప్రయత్నించేవాడు. కుదరకపోతే ప్రభుత్వం ఆ తగవును ట్రిబ్యునల్‌కు పంపగలిగేది. ట్రిబ్యునల్ ఇచ్చిన తీర్పుకు ఇరువర్గాలూ కట్టుబడవలసి వచ్చేది. ఇష్టమున్నా లేకపోయినా తీర్పు తీర్పే. 1950లో ఆ తీర్పుల మీద అప్పీలుకు మరో పెద్ద ట్రిబ్యునల్ కూడా వచ్చింది.

ఈ నిర్బంధ తీర్పు పద్ధతి గిరికి నచ్చలేదు. కోర్టులో ఓడినవాడు కోర్టులో ఏడిస్తే గెలిచినవాడు ఇంటికొచ్చి ఏడుస్తాడన్న సామెత పల్లెల్లో అందరికీ తెలిసిందే. గట్టు తగాదా కోర్టుకెక్కితే గట్టు విలువకు పదింతలు వకీళ్లకు పోతుంది. ఊళ్లో అన్నదమ్ములు మళ్లీ ముఖాలు చూసుకోరు. ఫ్యాక్టరీ తగవు కూడా అంతే. ఎలాగూ ట్రిబ్యునల్ ఉంది కదా అని ఇద్దరూ మనసు విప్పి మాట్లాడరు. కార్మికుడు సంఘాన్ని నమ్ముకోవడం మాని వకీలును నమ్ముకుంటాడు. సంఘం నీరసపడుతుంది. తీర్పు వచ్చేసరికి ఏళ్లు గడుస్తాయి. ఓడినవాడు పగ పెట్టుకుని మరో తగవుకు ఎదురుచూస్తాడు. మరునాడు పొద్దున్న ఇద్దరూ అదే ఫ్యాక్టరీలో కలిసి పనిచేయాలి.

గిరి చెప్పిన మార్గం వేరు. యాజమాన్యం, సంఘం ఎదురెదురుగా కూర్చుని బేరమాడుకోవాలి. కుదరకపోతే ఇద్దరికీ నమ్మకమున్న మధ్యవర్తిని ఇద్దరూ కలిసి ఎంచుకోవాలి. ట్రిబ్యునల్ ఆఖరి దిక్కుగానే ఉండాలి. తామే చేసుకున్న ఒప్పందమైతే లోటుపాట్లున్నా నిలబెట్టుకుంటారు. పైనుంచి పడిన తీర్పు ఎంత మంచిదైనా భారంగానే ఉంటుంది. ఇందుకు ఆయన పెట్టిన షరతులూ ఉన్నాయి. ఒక పరిశ్రమకు ఒకే బలమైన సంఘం ఉండాలి. బయటి నాయకుల మీద ఆధారపడకుండా కార్మికుల్లోంచే నాయకులు రావాలి. దేశంలో ఈ పద్ధతికి గిరి మార్గమనే పేరు నిలిచింది.

1952లో నైనిటాల్‌లో జరిగిన కార్మిక మహాసభలో ఆయన ఈ మాటను ముందుకు తెచ్చారు. యజమానులు ఒప్పుకోలేదు. విచిత్రమేమిటంటే చాలా కార్మిక సంఘాలు కూడా వెనకాడాయి. కాంగ్రెసుకు దగ్గరగా ఉన్న సంఘమే అడ్డుచెప్పింది. వారి వాదనలోనూ పస లేకపోలేదు. అక్షరం రాని కార్మికుడు, చందా కట్టలేని సంఘం, డబ్బున్న యజమాని ముందు ఏం బేరమాడతారు? బలహీనుడికి చట్టమే అండ కదా? పైగా కొత్తగా స్వాతంత్ర్యం వచ్చిన దేశంలో సమ్మెలతో ఉత్పత్తి ఆగిపోతే ఎలా? గిరి వాటికి జవాబు చెప్పారు. ఊతకర్రతో నడిపిస్తే కాళ్లకు బలం ఎప్పటికీ రాదన్నదే ఆయన వాదన సారాంశం. కాని మంత్రివర్గంలో ఆయన పక్షం నిలిచినవారు తక్కువ. చట్టాన్ని తిరగరాయాలన్న ఆయన ఆలోచన నెరవేరలేదు.

బ్యాంకుల తీర్పు, రాజీనామా

ఇంతలో బ్యాంకు ఉద్యోగుల తగవు ముదిరింది. 1949 నుంచి నలుగుతున్న వ్యవహారమది. మొదటి ట్రిబ్యునల్ తీర్పును సుప్రీంకోర్టు కొట్టేసింది. రెండో ట్రిబ్యునల్ 1953లో తీర్పు ఇచ్చింది. దాని మీద అప్పీళ్లు వెళ్లాయి. అప్పీలు ట్రిబ్యునల్ 1954లో ఉద్యోగులకు కొంత మేలు చేస్తూ తీర్పు చెప్పింది. కొన్ని బ్యాంకులు ఆ భారం మోయలేవని ప్రభుత్వం 1954 ఆగస్టులో ఆ తీర్పును కోసి తగ్గించింది.

గిరి మంత్రి పదవికి రాజీనామా చేశారు.

ట్రిబ్యునళ్లే వద్దన్న మనిషి ట్రిబ్యునల్ తీర్పు కోసం పదవి వదులుకోవడం వింతగా కనిపించవచ్చు. ఆలోచిస్తే ఇందులో వింత లేదు. సమ్మె చేయవద్దు, మా న్యాయస్థానానికి రండి అని కార్మికుడిని పిలిచింది ప్రభుత్వమే. అతను వచ్చాడు. ఏళ్ల తరబడి కాచుకున్నాడు. గెలిచాడు. గెలిచాక ఆ గెలుపు చెల్లదంటే ఇక అతను ఎవరిని నమ్మాలి? పంచాయతీ పెట్టిన పెద్దమనిషే తీర్పు చెడగొడితే ఊళ్లో పంచాయతీకి విలువుండదు. మాట ఇచ్చిన ప్రభుత్వం మాట మీద నిలబడాలన్నది గిరి పట్టు.

రాజీనామా వృథా కాలేదు. ప్రభుత్వం మరో విచారణ సంఘం వేసింది. గజేంద్రగడ్కర్ ఆధ్వర్యంలోని ఆ సంఘం నివేదికను అనుసరించి 1955లో పార్లమెంటు చట్టం చేసి బ్యాంకు ఉద్యోగులకు చాలామటుకు న్యాయం చేసింది. అప్పీలు ట్రిబ్యునల్‌ను 1956లో రద్దు చేశారు. ఇరువర్గాలూ తమంతట తాము మధ్యవర్తిని ఎంచుకోవడానికి అదే ఏడు చట్టంలో చోటు కల్పించారు.

1957లో గిరి పార్వతీపురం నుంచి మళ్లీ లోక్‌సభకు పోటీ చేశారు. అది ఇద్దరిని ఎన్నుకునే నియోజకవర్గం. ఒక స్థానం గిరిజనులకు కేటాయించినది. కొద్దిపాటి ఓట్ల తేడాతో గిరి వెనకబడ్డారు. రెండు స్థానాలూ గిరిజన అభ్యర్థులకే దక్కాయి. గిరి వేసిన దావా సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. ఎక్కువ ఓట్లు వచ్చిన గిరిజనుడు సాధారణ స్థానానికి కూడా అర్హుడేనని 1959లో కోర్టు తేల్చింది. గిరి ఓడారు, ఆ తీర్పు మాత్రం గిరిజనుల హక్కుకు బలమైంది.

పుస్తకాల్లో పెట్టిన అనుభవం

ఆ తర్వాత పదేళ్లు ఉత్తరప్రదేశ్, కేరళ, మైసూరు రాష్ట్రాలకు వరుసగా గవర్నరుగా ఉన్నారు. పదవిలో తీరిక దొరికినప్పుడల్లా చదువు మీద, రాత మీద కూర్చున్నారు. పారిశ్రామిక సంబంధాల మీద, భారత పరిశ్రమల్లోని కార్మిక సమస్యల మీద ఆయన ఇంగ్లీషులో రాసిన పుస్తకాలు విశ్వవిద్యాలయాల్లో పాఠ్యగ్రంథాలయ్యాయి. సంఘాల చరిత్ర, వేతనాలు, ఇళ్ల వసతి, కార్మిక చట్టాలు అన్నీ వాటిలో ఉన్నాయి. పుస్తకాల్లో చదివి రాసిన పండితులు చాలామందే ఉన్నారు. ఖరగ్‌పూర్ గేటు దగ్గర నిలబడి తర్వాత పుస్తకం రాసినవారు తక్కువ.

1957లో పండితులు, ప్రముఖులు కలిసి భారత కార్మిక ఆర్థికశాస్త్ర సంఘాన్ని స్థాపించారు. ఆ బృందానికి గిరి నాయకులు. కార్మికుడి బతుకును లెక్కలతో, పరిశోధనతో చూడాలన్నది దాని ఉద్దేశం. ఆ సంఘం నేటికీ నడుస్తోంది.

పట్నంలో ఫ్యాక్టరీలు పెట్టినంత మాత్రాన పల్లెల్లో నిరుద్యోగం పోదని గిరి గ్రహించారు. 1970లో వచ్చిన ఆయన పుస్తకం కోట్లాది మందికి పని కల్పించడం గురించి. బీడు భూములను సాగులోకి తేవాలనీ, చదువుకున్న పల్లె యువకులకు భూమి ఇచ్చి కాలనీలు కట్టాలనీ, ఇంటింటా కుటీర పరిశ్రమ ఉండాలనీ అందులో వాదించారు.

రాష్ట్రపతి భవనంలో రైల్వే నాయకుడు

1967లో గిరి ఉపరాష్ట్రపతి అయ్యారు. 1969 మే నెలలో రాష్ట్రపతి జాకీర్ హుస్సేన్ మరణించగా ఆ బాధ్యతలు ఆయన మీద పడ్డాయి. జూలై 19న 14 పెద్ద బ్యాంకులను జాతీయం చేసే ఆర్డినెన్సు మీద సంతకం చేశారు. మరునాడు పదవి వదిలి రాష్ట్రపతి ఎన్నికలో స్వతంత్ర అభ్యర్థిగా నిలిచారు. బ్యాంకు ఉద్యోగుల కోసం 1954లో మంత్రి పదవి వదిలిన మనిషి చేతి మీదుగానే ఆ బ్యాంకులు ప్రజల సొత్తు కావడం గమనార్హం.

ఆ ఎన్నికలో కాంగ్రెసు అధికార అభ్యర్థి మరో తెలుగువాడు, నీలం సంజీవరెడ్డి. ఇందిరాగాంధీ మొగ్గు గిరి వైపు. రెండో ప్రాధాన్య ఓట్లు లెక్కించాక గాని గిరి గెలుపు తేలలేదు. ఆ గొడవలో కాంగ్రెసు రెండుగా చీలింది. గిరి రాష్ట్రపతిగా ఉండగానే 1971 జనవరి 20న విశాఖ ఉక్కు కర్మాగారానికి ఇందిరాగాంధీ శంకుస్థాపన చేశారు.

రాష్ట్రపతిగా ఆయన ప్రభుత్వం పంపిన కాగితాల మీద తేలిగ్గా సంతకాలు చేశారన్న విమర్శ ఉంది. 1970లో విదేశంలో ఉండగానే ఉత్తరప్రదేశ్‌లో రాష్ట్రపతి పాలన ఉత్తర్వు మీద సంతకం పెట్టడం చాలామందికి రుచించలేదు.

అంతకంటే కఠినమైన పరీక్ష 1974లో వచ్చింది. మే 8న దేశమంతటా రైల్వే సమ్మె మొదలైంది. ముందు నిలిచింది గిరి కట్టిన రైల్వేమెన్స్ ఫెడరేషనే. చర్చలు సాగుతుండగానే మే 2న నాయకుడు జార్జి ఫెర్నాండెజ్‌ను అరెస్టు చేశారు. వేలమందిని జైళ్లలో పెట్టారు. క్వార్టర్లు ఖాళీ చేయించారు. దాదాపు 20 రోజులకు సమ్మె విరిగిపోయింది. ఎదురెదురుగా కూర్చుని తేల్చుకోవాలని జీవితమంతా చెప్పిన మనిషి దేశాధినేతగా ఉన్న కాలంలోనే ఆ మాటకు విలువ లేకపోయింది. మంత్రివర్గం సలహా మీద నడవవలసిన పదవి అది. ఎంత ఎత్తు కుర్చీ అయినా అన్ని పనులూ చేయనివ్వదు.

ఆ ఏడు ఆగస్టు 24న గిరి పదవీకాలం ముగిసింది. 1975లో ఆయనకు భారతరత్న లభించింది. 1980 జూన్ 24న మద్రాసులో కన్నుమూశారు. ఢిల్లీ దగ్గర నోయిడాలోని జాతీయ కార్మిక పరిశోధన సంస్థకు 1995లో ఆయన పేరు పెట్టారు.

విశాఖలో నిలిచిన బాట

చట్టంలో ఓడిన గిరి మాట ఆచరణలో చాలాచోట్ల గెలిచింది. బ్యాంకు ఉద్యోగులు, యాజమాన్యాలు 1966లో ట్రిబ్యునళ్లతో పనిలేకుండా తొలి ద్వైపాక్షిక ఒప్పందం చేసుకున్నారు. అప్పటి నుంచి వారి జీతాలు అలాగే తేలుతున్నాయి. ఉక్కు పరిశ్రమలో 1969లో యాజమాన్యాలు, కార్మిక సంఘాలు కలిసి కూర్చునే సంయుక్త సంఘం ఏర్పడింది. విశాఖ ఉక్కు కూడా ఆ సంఘం పరిధిలోనే ఉంది. పెద్ద రేవుల్లో పనిచేసే కార్మికుల వేతనాలు సైతం ఫెడరేషన్లతో చర్చించి రాసుకున్న ఒప్పందాల మీదే నడుస్తున్నాయి. 2024 ఆగస్టులో సమ్మె తేదీకి ముందురోజు రేవు కార్మికుల ఒప్పందం కుదిరి విశాఖతో సహా రేవులన్నీ ఆగకుండా సాగాయి.

అయితే ఆ బల్ల దగ్గర కుర్చీ అందరికీ దొరకలేదు. గేటు లోపల పక్కపక్కనే ఒకే పని చేసే ఇద్దరిలో ఒకరు పర్మనెంటు, ఇంకొకరు కాంట్రాక్టు. మొదటివాడికి సంఘం, ఒప్పందం ఉన్నాయి. రెండోవాడికి తరచు మేస్త్రీ మాటే ఒప్పందం. 2021 జనవరిలో కేంద్రం విశాఖ ఉక్కులో వాటాలన్నీ అమ్మాలని నిర్ణయించినప్పుడు కార్మికులు, నిర్వాసిత గ్రామాలవారు వీధిలోకి వచ్చారు. 2025 జనవరిలో కేంద్రం కర్మాగారానికి 11,440 కోట్ల రూపాయల సాయం ప్రకటించింది. జీతం, భూమి, ఉద్యోగం ఎవరితో పోతాయో వారిని అడగకుండా నిర్ణయాలు జరగవచ్చా అన్న ప్రశ్న మాత్రం మిగిలే ఉంది.

వాల్తేరు స్టేషనులో దిగి, కలాసీలను చెట్టు కింద కూడగట్టిన నాటి నాయకులు అడిగింది పెద్ద కోరికేమీ కాదు. యజమాని కుర్చీలో కూర్చుంటే కార్మికుడికీ ఎదురుగా ఒక కుర్చీ వేయమన్నారు. ఆ కుర్చీ ఎవరో దయతో ఇచ్చేది కాదనీ, సంఘబలంతో సంపాదించుకునేదనీ, సంపాదించాక నేర్పుగా వాడుకోవాలనీ గిరి జీవితం చెబుతుంది. రేవులో, ఉక్కులో, రైల్వేలో కాంట్రాక్టు కింద పనికి పోతున్న నేటి పల్లె యువకులకు ఆ కుర్చీ ఇంకా రావలసే ఉంది.